నాలుగు తరాలున్న ఇంటికి కోడలిగా వెళ్తున్నాను, నెగ్గుకు రాగలనా?

నీ ప్రశ్నను మిగతావాళ్ల కోసం ముందు క్లుప్తంగా చెప్తాను. నీకు 27 ఏళ్లు, సాఫ్ట్‌వేర్ ఉద్యోగం. పెళ్లయ్యాక అత్తమామలు, బావగారు, తోడికోడలు, వాళ్ల మూడేళ్ల పాప, వీళ్లందరికీ పైన నాయనమ్మగారు ఉన్న ఇంటికి వెళ్తున్నావు. ఫ్రెండ్స్ అందరూ వేరే ఫ్లాట్ తీసుకోమంటున్నారు. మొదటి ఏడాది దేని గురించి జాగ్రత్తపడాలి అన్నావు. నాయనమ్మగారి బీరువా మీ గదిలోనే ఉందట, తీయించమని అడగొచ్చా అని కూడా అడిగావు.

నా కోడలిది కూడా దాదాపు నీ వయసే, అందుకే నువ్వు అంటున్నాను. ఏమనుకోకు.

నెగ్గుకు రావచ్చు. కాకపోతే వంటింట్లో ఏ వేళ ఎవరిది, ఇంటి ఖర్చుకు ఎవరు ఎంత ఇస్తారు అన్న రెండూ మొదటి నెలలోనే తేలాలి. అవి మీ ఆయన నోటి వెంటే రావాలి. మిగతావి ఉన్నాయే, పూజలు, చుట్టాలు, మాట పట్టింపులు, అవి నెమ్మదిగా సర్దుకుంటాయి. ఈ రెండూ తేలని ఇంట్లో మాత్రం ప్రతి చిన్న విషయమూ గొడవే. పాలు పొంగినా గొడవే.

నా అనుభవం ఏమిటంటే, 1988లో తెనాలి దగ్గర పల్లెలో పదకొండు మంది ఉన్న ఇంటికి రెండో కోడలిగా వెళ్లాను. మా ఆయన వాళ్ల మామ్మగారు, అత్తమామలు, బావగారు, తోడికోడలు, వాళ్ల ఇద్దరు పిల్లలు, మేమిద్దరం, మరిది, పెళ్లికాని ఆడపడుచు. ఇప్పుడు హైదరాబాద్‌లో ఉంటున్నాం. 87 ఏళ్ల మా అత్తగారు, నేను, మా ఆయన, కొడుకు, కోడలు, ఆరేళ్ల మనవడు. ఒకే ఇంట్లో ఒకరికి కోడలిని, ఇంకొకరికి అత్తని. అందుకని రెండు వైపులా తిట్లు తిన్నాను.

ముందు వంటిల్లు.

నేను వెళ్లిన ఇంట్లో రెండు కట్టెల పొయ్యిలు, ఒక కిరోసిన్ స్టవ్వు, పెరట్లో నీళ్ల కాగు ఉండేవి. తెల్లారి ఐదింటికి మామగారి కాఫీ. ఆరు లోపు మామ్మగారి మడి నీళ్లు. ఏడుకి పిల్లలకు చద్దన్నం, ఏడున్నరకు బావగారి క్యారేజీ. ఈ వరసలో నా పేరు ఎక్కడా లేదు. ఏదో ఒకటి చేద్దామని నేను వెళ్లి నిలబడితే మా తోడికోడలికి అడ్డం. పక్కకు తప్పుకుంటే ‘చదువుకున్న పిల్ల కదా, పనికి వంగదు’ అన్నారు. మూడు నెలలు ఇదే తంతు. చివరికి మా తోడికోడలే ఒకరోజు విసుగొచ్చి, ‘సాయంత్రం పొయ్యి నీది, నేను అటు రాను’ అంది. అంతే, ఆ రోజు నుంచి ఇద్దరం హాయిగా ఉన్నాం. అప్పటిదాకా ఆవిడంటే నాకు భయం. ఆవిడకేమో, తర్వాత చెప్పింది, నా ఇంగ్లీషు అంటే భయమట.

ఇప్పుడు మా ఇంట్లోనూ అదే పద్ధతి. ఐదున్నర నుంచి ఏడు దాకా వంటిల్లు నాది. ఏడు నుంచి ఏడూ నలభై దాకా కోడలిది, మనవడి బాక్సు తనే కడుతుంది. ఆ నలభై నిమిషాలు నేను అటు తొంగి చూడను. మొదట్లో చాలా కష్టమైంది. ఉప్మాలో నీళ్లు ఎక్కువ పోస్తున్న శబ్దం హాల్లోకి వినిపిస్తుంటే నోరు కట్టేసుకుని కూర్చోవడం చిన్న విషయమా? రాత్రి వంట కోడలిది, ఆదివారం కొడుకుది. ఆదివారం సాయంత్రం వంటిల్లు చూడకూడదు, చూస్తే కళ్లు తిరుగుతాయి.

నువ్వు చేయాల్సింది ఏమిటంటే, వెళ్లిన కొత్తలో ఒక పూట అడిగి తీసుకో. ‘నేనేం చేయను అత్తయ్యా?’ అని రోజూ పదిసార్లు అడగొద్దు. అలా అడిగినన్నాళ్లూ నువ్వు ఆ ఇంట్లో చుట్టానివే. ‘సాయంత్రం టిఫిను నేను చూసుకుంటాను’ అని ఒక్కసారి చెప్పు. ఆఫీసు కాల్స్ ఉన్న రోజు ముందే చెప్పేయ్. ఆ రోజు పక్క వీధిలో ఇడ్లీలు తెప్పించినా నీ పూట నీదే, ఎవరూ ఏమీ అనుకోరు. అనుకుంటే అనుకోనీ.

తిండి అలవాట్లు ఒక్కటే కావాలని లేదు. మా కోడలికీ మనవడికీ గుడ్డు కావాలి. మా అత్తగారికి ఆ వాసనే పడదు. చాలా రోజులు ముఖాలు మాడ్చుకున్నాక బాల్కనీలో ఒక ఇండక్షన్ పొయ్యి, ఒక పెనం, ఒక గరిటె పెట్టాం. అవి లోపలికి రావు. మనవడు ఆమ్లెట్ తిని నేరుగా తాతమ్మ పక్కలో దూరతాడు. ఆవిడ తెలియనట్టే వాడి తల నిమురుతుంది.

ఇక డబ్బు. దీని గురించి మాట్లాడాలంటే మన వాళ్లకు సిగ్గు. ఆ సిగ్గే కొంప ముంచుతుంది.

మా మామగారికి ఆదాయమంతా పంటే. పసుపు దుగ్గిరాల యార్డుకు వెళ్లినప్పుడు, ధాన్యం అమ్మినప్పుడు, ఏడాదికి రెండు మూడుసార్లు చేతినిండా డబ్బు కనపడేది. మిగతా నెలలన్నీ దాన్నే సాగదీయాలి. అలాంటి ఇంట్లో ఒకరి చేతిలోనే పెత్తనం ఉండాలి, లేకపోతే మాఘంలో పెళ్లి ఖర్చుకు పెట్టుకున్నది సంక్రాంతికే అయిపోతుంది. అది నాకు అర్థమయ్యేది. కానీ 1991లో నాకు టీచరు ఉద్యోగం వచ్చింది, ఇంట్లోకి నెలనెలా వచ్చే డబ్బు అదే మొదలు. జీతం కవరుతో సహా మామగారి చేతిలో పెట్టేదాన్ని. బస్సు ఛార్జీలకు మళ్లీ ఆయన్నే అడగాలి. ఇంకా కొన్ని కొనుక్కోవాలంటే, మగవాళ్ల ముందు పేరు ఎత్తలేనివి, మా ఆయనకు చెప్తే ఆయన వాళ్ల అమ్మకు చెప్పి, ఆవిడ మామగారిని అడిగి, ఈ లోపు నెల తిరిగిపోయేది. ఏడాది భరించాను. ఒకరోజు అన్నాలు తింటుండగా మా అత్తగారే తల ఎత్తకుండా, ‘ఆ పిల్ల సంపాదనలో వంద ఆ పిల్ల దగ్గరే ఉండనివ్వండి’ అంది. మామగారు మజ్జిగ పోసుకుని ‘సరే’ అన్నారు. అంతకంటే చర్చ జరగలేదు.

అందుకే మా ఇంట్లో ఇప్పుడు లెక్క ముందే రాసుకున్నాం. కొడుకు, కోడలు కలిపి ఇంటి ఖాతాలో నెలకు ఇంత వేస్తారు, మా ఆయన పింఛనులోంచి ఇంత. పాలు, కూరలు, కరెంటు, పనిమనిషి, అత్తగారి మందులు అందులోంచే. మిగతా జీతం ఎవరిది వాళ్లది, నేను అడగను. నీకు నా సలహా: ఇంటికి ఇచ్చేది ఇంత అని ఒక అంకె చెప్పు, ప్రతి నెలా ఒకే తారీఖున ఇవ్వు. ఒక నెల ఎక్కువ, ఇంకో నెల తక్కువ, మధ్యలో అత్తగారికి చీర, మామగారికి ఫోను కొనిపెట్టి అదే లెక్క అనుకోవడం, ఇలా మాత్రం వద్దు. ఇచ్చినవాళ్లకు కొండంత ఇచ్చినట్టుంటుంది, తీసుకున్నవాళ్లకు ఏమీ అందినట్టుండదు. ఇక మీ తోడికోడలు వాళ్లు ఎంత ఇస్తున్నారో మీ ఆయన్ని కనుక్కోమను. నువ్వు ఎక్కువ ఇచ్చి ఆవిడను చిన్నబుచ్చితే ఆ ఇంట్లో నీకున్న ఒక్క స్నేహమూ పోతుంది.

ఆస్తి మాట నువ్వు అడగలేదు, కానీ ఎప్పుడో ఒకప్పుడు వస్తుంది కనుక మా ఇంటి సంగతి చెప్తాను. ఉమ్మడి ఆంధ్రప్రదేశ్‌లో ఆడపిల్లలకు ఉమ్మడి ఆస్తిలో కొడుకులతో సమానంగా వాటా ఇస్తూ ఎన్టీఆర్ హయాంలో 1986లో చట్టం సవరించారు. అది 1985 సెప్టెంబరు 5 నుంచి అమలు. అప్పటికే పెళ్లయిన ఆడపిల్లలకు మాత్రం వర్తించదు. మా పెద్దాడపడుచు పెళ్లి 1979లో, చిన్నామెది 1990లో. 1996లో మేం వేరు పడ్డప్పుడు కాగితం ప్రకారం చిన్నామెకు వాటా ఉంది, పెద్దామెకు లేదు. దేశమంతటికీ కలిపి చట్టం మార్చింది 2005లో, అది మాకు తొమ్మిదేళ్లు ఆలస్యం. పెద్దలు కూర్చుని చట్టం మాట్లాడుతుంటే మా అత్తగారు వంటింటి గుమ్మంలో నిలబడి, ‘ఇద్దరినీ మోసింది ఒకే కడుపు’ అని లోపలికి వెళ్లిపోయింది. పెద్దామెకు అరెకరం తక్కువగా ఇచ్చారు, కానీ ఇచ్చారు. ఆ అరెకరం గురించి ఇప్పటికీ పెళ్లిళ్లలో ఎవరో ఒకరు ఎత్తుతారు.

సరే, నీ మొదటి ఏడాదికి వస్తాను. మన దగ్గర కొత్త కోడలికి మొదటి ఏడాదంతా పుట్టింటికీ అత్తింటికీ మధ్య తిరగడమే. ఆషాఢం రాగానే పుట్టింటికి పంపిస్తారు, అత్తాకోడళ్లు ఆ నెల ఒకే గడప దాటకూడదని. అది సెలవు అనుకో, వెళ్లి హాయిగా ఉండు. ఇంట్లోంచే పని చేసే ఉద్యోగమైతే ఇంకా మంచిది. ఆ వెంటనే శ్రావణం. మీ అత్తింట మంగళగౌరి నోము ఉందో లేదో ముందే కనుక్కో, అన్ని ఇళ్లలోనూ ఉండదు. ఉంటే ఐదేళ్లు పట్టాలి, శ్రావణంలో ప్రతి మంగళవారం. మొదటి ఏడు ఐదుగురు ముత్తైదువులకు వాయనం, రెండో ఏడు పదిమందికి, అలా పెరుగుతూ ఐదో ఏటికి ఇరవై ఐదు మంది. మొదటి ఏడు నోము సాధారణంగా పుట్టింట్లోనే, తొలి వాయనం అమ్మకే.

మా కోడలికి మంగళవారం ఉదయం తొమ్మిదికి ఎప్పుడూ మీటింగు ఉండేది. ‘నోము పట్టను’ అని తను అనలేదు, ‘సెలవు పెట్టు’ అని నేను అనలేదు, ఇద్దరం టెన్షన్ పడుతూ కూర్చున్నాం. చివరికి తెల్లవారుజామున ఐదింటికి మొదలుపెట్టాం. ముందురోజు రాత్రే నేను చలిమిడి కలిపి ఉంచాను. పిండి జ్యోతులు వెలిగించి తను అట్లకాడ పట్టుకుంటే నేను కథ చదివాను. నిద్రమత్తులో తన చేయి వాలిపోతుంటే మా అత్తగారు కుర్చీలోంచి ‘చెయ్యి పైకి, కాటుక పట్టట్లేదు’ అని అరుస్తోంది. ఆరున్నరకల్లా అయిపోయింది. సాయంత్రం అపార్ట్‌మెంట్‌లో ఐదు ఫ్లాట్లు తిరిగి శనగలు, వాయనాలు ఇచ్చి వచ్చింది. ఆ కాటుకతోనే తొమ్మిది గంటల మీటింగులో కూర్చుంది.

పద్ధతుల విషయంలో నేను గమనించింది ఒకటుంది. పెద్దవాళ్లకు సాధారణంగా పని జరగాలి, వేళ గురించీ హంగు గురించీ బేరమాడొచ్చు. అసలు చేయను అని మొదలుపెడితే బేరమే ఉండదు. అలాగని అన్నిటికీ తల ఊపమనడం లేదు. నెలలో మూడు రోజుల దూరం లాంటివి నీకు పడకపోతే పెళ్లికి ముందే మీ ఆయనతో చెప్పు, ఆయన వాళ్ల అమ్మతో చెప్పాలి. నువ్వు వెళ్లి వాదించే విషయం కాదది. మా ఇంట్లో అది పోవడానికి కారణం ఎవరి ఆదర్శమూ కాదు. ఊరు వదిలి పట్నం వచ్చాక రెండు గదుల అద్దె ఇంట్లో దూరంగా కూర్చోవడానికి చోటే లేకపోయింది. నిజం చెప్పాలంటే పల్లెలో ఉన్నప్పుడు ఆ మూడు రోజులే నాకు నిద్రపోవడానికి దొరికేవి. అది తలుచుకుంటే ఇప్పుడు నాకే కోపం వస్తుంది, విశ్రాంతి కావాలంటే మైల పడాల్సి వచ్చినందుకు.

మీ ఆయన గురించి నువ్వు ఒక్క ముక్క కూడా రాయలేదు. నీ అసలు ఇబ్బంది అక్కడ రావచ్చు. ఈ ఇళ్లలో చాలామంది మగపిల్లలు మంచివాళ్లే, కానీ అమ్మా భార్యా మాట్లాడుకుంటుంటే ఫోను పట్టుకుని మేడ మీదకు పోతారు. నీ వల్ల వచ్చిన మార్పు ఏదైనా ఆయనకే కావాలన్నట్టు ఇంట్లో చెప్పాలి. ‘తను అడుగుతోంది’ అంటే నువ్వు చెడ్డదానివి అవుతావు. ‘నాకు ఇలా కావాలమ్మా’ అంటే కొడుకు ముచ్చట అవుతుంది. అన్యాయమే, కానీ పని జరుగుతుంది.

నాయనమ్మగారి సేవ ఎవరి బాధ్యత అన్నదీ అడుగు. 2019లో మా అత్తగారు బాత్రూమ్‌లో జారి పడి తుంటి ఎముక విరిగింది. మొదటి రెండు వారాలు ఇల్లంతా ఆవిడ చుట్టూనే. ఆ తర్వాత రాత్రి మందు వేసేది నువ్వనుకున్నాను నువ్వనుకున్నానని ఒకరినొకరు చూసుకున్నాం. రెండు రాత్రులు ఎవరూ వేయలేదు. అప్పటి నుంచి గోడ క్యాలెండర్‌లో పాల లెక్క రాసే గడిలోనే రాత్రి మందు ఎవరు వేస్తారో అక్షరం రాస్తున్నాం. ఇంట్లోకి కొత్తగా వచ్చిన కోడలికి ఈ పనంతా ఎవరూ చెప్పకుండానే అంటగట్టడం చాలా ఇళ్లలో చూశాను. చేయి, కానీ నీ వంతు ఎంతో తెలుసుకుని చేయి. బాత్రూమ్‌లో పట్టుకోవడానికి గోడకు కడ్డీ లేకపోతే వెళ్లిన వారంలోనే పెట్టించు, దానికి ఎవరూ కాదనరు.

వేరు కాపురం తప్పు కాదు. 1996లో మా బావగారు వాళ్లు వేరు కుంపటి పెట్టుకున్నప్పుడు అందరం ఏడ్చాం, రెండో నెలకల్లా అందరం మునుపటికంటే బాగా మాట్లాడుకున్నాం. ఆవకాయ మాత్రం ఎవరూ వేరు చేయలేదు. ఇప్పటికీ వేసవిలో అందరం ఊరెళ్తాం. ఉదయమే కాయలు కడిగి తుడిచి ఆరబెట్టడం, మధ్యాహ్నం కత్తిపీట దగ్గర మా బావగారు. టెంక పట్టిన కాయే కావాలి, జీడి తీసి ప్రతి ముక్కనూ బట్టతో తుడవాలి, తడి తగిలితే బూజు. కొలతలు అత్తగారివి. సోలెడు, తవ్వెడు, మానెడు అంటుంది. రెండు సోలలు తవ్వ, రెండు తవ్వలు మానిక. లెక్కల టీచరునై ఉండి నేను మూడేళ్లు తడబడ్డాను, ఆ మూడేళ్లూ కొలత గిన్నె నా చేతికి ఇవ్వలేదు. నాలుగో ఏడు ఏమీ అనకుండా నా ముందు పెట్టి పక్కకు జరిగింది. మూడో రోజు తిరగ్గలిపి రుచి చూసి ‘ఉప్పు చాలదు’ అంది. నిజంగానే చాలలేదు. ఇవాళ నా కోడలు ఫోనులో గ్రాములు వేసుకుని కలుపుతుంది. బాగానే కుదురుతుంది, ఆ మాట మా అత్తగారి ముందు అనను.

ఒక హెచ్చరిక. పైన రాసిందంతా మామూలు ఇళ్ల సంగతి. కట్నం మాట మళ్లీ మళ్లీ ఎత్తినా, నీ జీతం కార్డు లాక్కున్నా, చేయి చేసుకున్నా అక్కడ సర్దుకోవడం అన్న మాటే లేదు. మీ అమ్మానాన్నలకు ఆ రోజే చెప్పు. మహిళల హెల్ప్‌లైన్ 181. గృహహింస చట్టం 2005 ప్రకారం, ఇల్లు ఎవరి పేరున ఉన్నా, కాపురం ఉంటున్న ఇంట్లో ఉండే హక్కు భార్యకు ఉంది. బయటికి పొమ్మంటే పోవాల్సిందే అనుకోకు.

చివరగా ఆ బీరువా. ఇప్పుడే తీయించమని అడగకు.

మా మామ్మగారి భోషాణం కూడా మా గదిలోనే ఉండేది. రోజూ మధ్యాహ్నం రెండింటికి వచ్చేది, కిర్రుమని తెరిచేది, అందులో ఏవో సర్దేది, కాసేపు దాని మీదే కూర్చునేది. కొత్తగా పెళ్లయినదాన్ని, ఎప్పుడు తలుపు తోస్తుందో తెలియక నాకు ప్రాణం మీదకు వచ్చేది. నగలు లెక్కపెట్టుకుంటోంది, నన్ను నమ్మడం లేదు అనుకున్నాను. మా ఆయనతో రెండుసార్లు పోట్లాడాను కూడా. ఏడాది గడిచాక ఒక ఎండాకాలం మధ్యాహ్నం చూస్తే భోషాణానికి ఆనుకుని కూర్చునే నిద్రపోతోంది. ఆ ఇంట్లో దక్షిణపు గాలి వచ్చేది ఆ గదిలోకే. మాకు ఇవ్వకముందు నలభై ఏళ్లు ఆవిడ మధ్యాహ్నం కునుకు అక్కడే తీసేదట, మాకు ఇచ్చేశాక అడగడానికి మొహమాటం. ఆ మర్నాటి నుంచి రెండింటికి నేనే చాప పరిచి, తలుపు దగ్గరగా వేసి, పెరట్లోకి వెళ్లిపోయేదాన్ని. భోషాణం తెరిచిన చప్పుడు మళ్లీ వినలేదు.

నువ్వు వెళ్లాక ఒక నెల, నాయనమ్మగారు ఏ వేళకు వస్తోందో, దేనికి వస్తోందో చూడు. రోజూ కావాల్సినవి ఉంటే ఆవిడ మంచం దగ్గరకు ఒక చిన్న అల్మరా మీ ఆయన చేత తెప్పించు. తాళంచెవి మాత్రం ఆవిడ కొంగునే ఉండనీ.